గెట్టు మీది ఉచ్చు ఎవరి కోసం?

(మిరుదొడ్డిలో జరిగిన మండల రైతుల సమావేశంలో చేసిన ప్రసంగం)



ఇప్పటిదాకా మాట్లాడినవాళ్లు యూరియా గురించి, వడ్ల కొనుగోలు గురించి, కరెంటు గురించి చెప్పారు. అవన్నీ మన కడుపుకు సంబంధించినవి. నేను పిట్టల గురించి మాట్లాడతానంటే పొద్దున ఒక అన్న నవ్విండు. ‘‘మనుషుల బాధలు అయిపోయినయా, పిట్టల మీద పడ్డవు’’ అన్నడు. ఆయన అన్నదాంట్లో తప్పు లేదు. పది నిమిషాలు ఓపిక పట్టి వినండి. ఇది కూడా మన చేను సంగతేనని నా నమ్మకం.

పోయిన యాసంగిలో ఒకరోజు తెల్లారక ముందే నీళ్లు మలపడానికి మా మక్క చేనుకు పోయిన. గెట్టు వెంట నడుస్తుంటే కాలికి దారం తట్టింది. వంగి చూస్తే ఉచ్చు. చేపల గాలానికి కట్టే సన్న ప్లాస్టిక్ దారంతో కట్టి, చిన్న పుల్లలు పాతి, గడ్డి కప్పిన్రు. అట్లా వెతుక్కుంటూ పోతే ఆ ఒక్క గెట్టు మీదనే పదకొండు దొరికినయి. ఒకదాంట్లో కౌజు పిట్ట పెట్ట చిక్కుకొని ఉంది. కాలు తెగేదాకా గుంజుకుంది. విడిపిస్తే ఎగరలేక చేన్లోకి ఉరికింది. బతికిందో లేదో తెల్వదు.

పొద్దెక్కినంక ఇద్దరు పిల్లలు బండి మీద వచ్చిన్రు. మన చుట్టుపక్కల ఊళ్లవాళ్లే. గట్టిగా అడిగితే ఒకడు ఉన్నమాట చెప్పిండు. ‘‘కాకా, టౌను నుంచి ఫోన్ చేస్తరు. ఆదివారం దావత్‌కు కావాలంటరు. నాలుగు పిట్టలు ఇస్తే రెండు రోజుల కైకిలి వస్తది’’ అన్నడు. నేను వాళ్లను కొట్టలేదు, తిట్టలేదు. ఎందుకంటే వాళ్ల ఈడున నేనూ ఆ పని చేసిన.

మా చిన్నప్పుడు గుర్రం తోక వెంట్రుకలతో ఉచ్చులు అల్లేది. ఒక మగ కౌజును మచ్చిక చేసి బుట్టలో పెట్టి గెట్టు మీద ఉంచేది. దీన్ని దీమం అంటరు. అది కూస్తే తన జాగలోకి ఎవరో వచ్చిన్రని ఆ చేను కౌజు కోపంతో ఉరికొచ్చి ఉచ్చులో పడేది. ఇంట్లో కూర లేని రోజుల్లో అది మాకు కూర. ఏడాదికి పదో, పదిహేనో పట్టేవాళ్లం. చెల్కల నిండా పొదలు ఉండేవి, పడావు భూములు ఉండేవి. పట్టినవాటికి రెండింతలు మళ్లీ పుట్టేవి.

ఇప్పుడు మారింది మూడు సంగతులు. ఒకటి, దీమం పిట్ట అక్కర్లేదు. సెల్‌ఫోన్‌లో కౌజు కూత పెట్టి, పొద పక్కన దాచి కూసుంటే చాలు. ఒక్క పూటలో ఒక గెట్టు మీది పిట్టలన్నీ వస్తయి. రెండు, పట్టేవాడు తినేటోడు కాడు, అమ్మేటోడు. తినేటోడికి కడుపు నిండితే ఆగుతడు. అమ్మేటోడికి ఫోన్ మోగినన్ని రోజులు ఆగే పని లేదు. మూడు, దాక్కునే జాగ లేదు. దాంట్లో మన తప్పు కూడా ఉంది, దాని గురించి తర్వాత చెప్త.

వీటికి తోడు ఎయిర్ గన్‌లు వచ్చినయి. మల్లన్నసాగర్ నిండినంక, కూడవెల్లి వాగుకు నీళ్లు వదిలినప్పుడు బాతులు, కొంగలు, నీటికోళ్లు మన కండ్ల ముందే పెరిగినయి. వాటి వెంట కార్లూ వచ్చినయి. తక్కువ శక్తి ఎయిర్ గన్ కొనడానికి లైసెన్సు అక్కర్లేదు కాబట్టి, దాంతో ఏది కొట్టినా తప్పు కాదని వాళ్లు అనుకుంటున్నరు. అది నిజం కాదు. తుపాకీకి లైసెన్సు అక్కర్లేకపోయినా దాంతో అడవి పిట్టను కొడితే నేరమే.

ఇక ఈ కౌజులు, పూరేడు పిట్టలు మన చేన్లో ఏం చేస్తయో చూద్దాం.

ఇవి చెట్టు మీద గూడు కట్టవు. గెట్టు కింద గడ్డిలో, పొద మొదట్లో నేల మీదనే గుడ్లు పెడతయి. కౌజు ఎక్కువగా ఎండకాలం నుంచి వానకాలం దాకా పొదుగుతది. ఆరేడు గుడ్లు పెడతది. పొదిగే పెట్ట ఉచ్చులో పడితే పోయేది ఒక్క పిట్ట కాదు, ఆ గూడు మొత్తం పోతది. పిల్లలు గుడ్డులోంచి వచ్చినంక మొదట్లో వాటికి పురుగులే ప్రాణం. చీమలు, చెదలు, మిడతలు, పెంకు పురుగులు ఏరుకొని తింటయి. పెద్ద కౌజు చెదల పుట్టను కాళ్లతో గీకి మరీ తింటది. గడ్డి గింజలు, కలుపు గింజలు కూడా తింటది. మనం కలుపు తీయడానికి కైకిలి ఇస్తున్నం, చెదలకు మందు పోస్తున్నం. ఇది పైసా అడగకుండా రెండు పనులూ కొంత చేసిపెడుతున్నది.

కొంత అన్న, మొత్తం అనలేదు. పిట్టలు ఉంటే పురుగుమందు కొట్టక్కర్లేదని నేను చెప్తే మీరు నమ్మొద్దు. మక్కలో కత్తెర పురుగు 2018లో మన దేశంలోకి వచ్చింది. దాన్ని పిట్టలు ఒక్కటే ఆపలేవు. పత్తిలో గులాబీ పురుగు కాయ లోపల ఉంటది, అది పిట్టకు దొరకదు. కౌజు కూడా విత్తినప్పుడు నాలుగు గింజలు గీకి తింటది, అదీ నిజమే. లెక్క అంతా ముందు పెట్టుకొని చూసినా, అది మనకు ఇచ్చేదే ఎక్కువ, తీసుకునేది తక్కువ అని ముప్పై ఏండ్లు చేను చూసినంక నాకు అర్థమైంది.

పిట్ట లెక్క తప్పితే ఏమైతదో చైనా చూసింది. 1958లో అక్కడి సర్కారు ఎలుకలు, ఈగలు, దోమలతో పాటు పిచ్చుకలను కూడా శత్రువుల లెక్కలో రాసింది. ధాన్యం తింటున్నయని ఊళ్లకు ఊళ్లు పళ్లేలు, డప్పులు కొట్టి, అవి వాలకుండా తరిమి తరిమి చంపిన్రు. తర్వాత పంటల మీద మిడతలు, పురుగులు పెరిగినయి. 1960లో పిచ్చుకను ఆ లెక్క నుంచి తీసేసి దాని జాగలో నల్లిని పెట్టిన్రు. ఆ ఏండ్ల కరువుకు పిచ్చుకలు పోవడం ఒక్కటే కారణం కాదు, సర్కారు విధానాలు పెద్ద కారణం. అయినా రైతును అడగకుండా పిట్టను శత్రువు చేసిన తప్పుకు శిక్ష పడ్డది రైతుకే.

వేటతో జాతికి జాతే పోయిన సంగతి మన దేశంలోనూ ఉంది. ఉత్తరాఖండ్ కొండల్లో హిమాలయ పూరేడు అనే పిట్ట ఉండేది. షికారుకు పోయినోళ్లు కొట్టుకొచ్చిన పిట్టలే దాని గుర్తులు. 1876 తర్వాత దాన్ని చూసినట్టు గట్టి ఆధారం లేదు. మన తెలుగు నేల మీద బట్టమేక పక్షి సంగతి చూడండి. మనిషి నడుము దాకా వచ్చేంత పెద్ద పక్షి. షికారోళ్లకు దాని మాంసం మీద మోజు. దాని కోసం కర్నూలు దిక్కు రోళ్లపాడులో 1988లో అభయారణ్యం పెట్టిన్రు. అప్పటికే ఆలస్యమైంది. గడ్డి భూములు తగ్గినయి, సంఖ్య పడిపోయింది. ఇప్పుడు దేశం మొత్తం మీద రెండు వందల లోపే మిగిలినయని అంటున్నరు, అవీ ఎక్కువగా రాజస్థాన్‌లో. బట్టమేక కూడా కౌజు లెక్కనే నేల మీద గుడ్డు పెట్టే పక్షి, మిడతలు తినే పక్షి. ఒకప్పుడు అదీ లెక్కలేనన్ని ఉన్న పక్షే.

షికారు అంటే మన తాతలకు ఇంకో జ్ఞాపకం ఉంది. నిజాం కాలంలో మన మెదకు దిక్కు పోచారం అడవి వేటకు పెట్టుకున్న జాగ. దొరలు, అధికారులు షికారుకు వస్తే ఊరోళ్లు పని వదిలిపెట్టి, డప్పులు కొట్టి జంతువులను తోలాలె. వెట్టి కింద కోళ్లు ఇయ్యాలె, కట్టెలు మోయాలె. చేన్లు తొక్కిన్రని అడిగే దిక్కు లేదని మా తాత చెప్పేది. ఆ వెట్టిని మన పెద్దలు కొట్లాడి బంద్ చేసిన్రు. ఇప్పుడు కారులో వచ్చినోడు మన గెట్టు దాటి, మన చేను తొక్కి, మన పిల్లల చేతికి నాలుగు పైసలిచ్చి పిట్టలు పట్టిస్తున్నడు. అప్పుడు భయంతో తోలినం, ఇప్పుడు పైసలకు తోలుతున్నం. చేను మాత్రం అప్పుడూ మనదే, ఇప్పుడూ మనదే.

ఇక మీ మనసులో ఉన్న అసలు ప్రశ్నకు వస్త. ‘‘అడవి పందులు మక్క చేనును ఒక్క రాత్రిలో దున్నిపోతున్నయి. నెమళ్లు మొలకలు పీకుతున్నయి. నువ్వేమో జంతువులను కాపాడమంటున్నవు’’ అని మీరు అడుగుతరు. పోయిన వానకాలం మా చేన్లో కూడా పందులు పడ్డయి. రాత్రంతా మంచె మీద కూసొని డబ్బా కొట్టిన. ఆ కోపం నాకు తెలుసు.

కానీ కౌజు ఉచ్చుతో పంది పోదు. పంది కోసమని బండి క్లచ్ వైరుతో ఉచ్చు పెడితే దాంట్లో పంది కంటే ముందు మేక పడుతది, కుక్క పడుతది. గింజలకు మందు కలిపి నెమలికి పెడితే దాన్ని తిన్న పావురం చస్తది, చచ్చినదాన్ని తిన్న గద్ద చస్తది, తెలియక ఆ గింజలు తిన్న మన కోడీ చస్తది. కరెంటు తీగ సంగతి చెప్పనక్కర లేదు. పంది కోసం కట్టిన తీగకు తగిలి రైతు చనిపోయిండని, పక్క చేను కైకిలి మనిషి చనిపోయిండని పేపర్లో ఎన్నిసార్లు చదవలేదు? తీగ పెట్టినోడు జైలుకు పోతడు, తగిలినోడు కాటికి పోతడు. రెండు ఇండ్లూ మన ఇండ్లే.

చట్టం ఏమంటదో కూడా తెలుసుకోవాలె. తెలియకపోతే నష్టపోయేది మనమే. వన్యప్రాణి సంరక్షణ చట్టం 1972లో వచ్చింది. 2022లో దాన్ని సవరించిన్రు. ఇప్పుడు కౌజులు, పూరేళ్లు, అడవి పంది రెండో షెడ్యూల్‌లో ఉన్నయి. వీటిని వేటాడితే మూడేండ్ల దాకా జైలు, లేదా లక్ష రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ పడొచ్చు. నెమలి మొదటి షెడ్యూల్. దానికి మూడేండ్లకు తక్కువ కాకుండా ఏడేండ్ల దాకా జైలు, జరిమానా ఇరవై అయిదు వేలకు తక్కువ ఉండదు. ‘‘నా చేను, నా గెట్టు’’ అంటే కోర్టు ఒప్పుకోదు. ఉచ్చు మన గెట్టు మీద దొరికితే మొదట అడిగేది మనల్నే. పట్నంలో కూర తిన్నాయన పేరు ఏ కాగితంలోనూ ఉండదు.

అదే చట్టంలో మనకు పనికొచ్చే సంగతి ఒకటి ఉంది. సెక్షన్ 11 ప్రకారం, రెండో షెడ్యూల్‌లోని జంతువు మనుషుల ప్రాణానికి గానీ, నిలిచి ఉన్న పంటకు గానీ ప్రమాదంగా మారితే, దాన్ని వేటాడడానికి రాష్ట్ర ముఖ్య వన్యప్రాణి సంరక్షణాధికారి గానీ, ఆయన అధికారమిచ్చిన అధికారి గానీ రాతపూర్వకంగా అనుమతి ఇయ్యొచ్చు. పంది విషయంలో ఇది వర్తిస్తది. నెమలికి పంట నష్టం మీద ఈ సౌలతు లేదు. కేరళలో 2022లో అడవి పందుల విషయంలో ఈ అధికారాన్ని స్థానిక సంస్థల అధ్యక్షుల దాకా తెచ్చిన్రు. అంటే కొట్లాడితే దారి ఉంది. దొంగచాటుగా తీగ పెట్టి మనమే నేరస్థులం కావడం కంటే, పది ఊళ్ల రైతులం కలిసి దరఖాస్తు పెట్టి, పంట నష్టానికి పరిహారం అడిగి, ఆఫీసు ముందు కూసోవడం మేలు. సంఘం ఉన్నది అందుకే కదా.

ఇంకో మాట చెప్పకపోతే అన్యాయమైతది. పిట్టలు పట్టడం తరతరాల నుంచి బతుకుదెరువుగా ఉన్న కుటుంబాలు మన దిక్కు ఉన్నయి. వాళ్లకు భూమి లేదు. ఎక్కడ పిట్ట చచ్చినా మొదట వాళ్ల గుడిసెల మీదనే పడతరు. దసరా నాడు పాలపిట్టను బుట్టలో తెచ్చి చూపించేది వాళ్లే, చూసి మొక్కి పైసలు వేసేది మనం. పాలపిట్ట మన రాష్ట్ర పక్షి, దాన్ని పట్టడం నేరం. కానీ చూడ్డానికి పైసలిచ్చినోడికి కేసు లేదు, పట్టినోడికి ఉంది. నేను చెప్పే మాటను ఆ పేదలను పోలీసులకు పట్టియ్యమనే మాటగా తీసుకోవద్దు. కొనేటోడు లేకపోతే అమ్మేటోడు ఉండడు. వాళ్లకున్న నేర్పు మనకూ పనికొస్తది. వరి మడుల్లో ఎలుకలు పట్టడానికి వాళ్ల కంటే తెలిసినోళ్లు ఎవరున్నరు? మందు గుళికలకు పెట్టే పైసలు వాళ్ల చేతికి కైకిలిగా ఇస్తే రెండు దిక్కులా లాభం.

తినాలనుకునేవాళ్లకు కూడా దారి ఉంది. ఫారాల్లో పెంచే జపాన్ పూరేళ్లు ఉన్నయి. హోటళ్లలో కౌజు పిట్టలని, కంజు పిట్టలని అమ్మేవి చాలావరకు అవే. అయిదారు వారాల్లో కూరకు వస్తయి. మన పిల్లలు ఎవరైనా పెంచుకుంటే అది కూడా ఒక ఆదరువే. చేన్లోది తెచ్చి ఫారందని అమ్మేటోళ్ల దగ్గర మాత్రం కొనొద్దు.

ఊరు తలుచుకుంటే ఆగదా? ఆగుతదని నాగాలాండ్‌లో ఒక ఊరు చూపించింది. పాంగ్టి అనే ఊరు, పక్కనే దోయాంగ్ జలాశయం. మన మల్లన్నసాగర్ లెక్కనే నీళ్లు నిలిచినంక అక్కడ పురుగులు పెరిగి, వాటి కోసం అముర్ డేగలు గుంపులుగా దిగడం మొదలైంది. అవి ఉత్తర చైనా దిక్కు నుంచి ఆఫ్రికాకు పోతూ మధ్యలో అక్కడ ఆగుతయి. చెదలు, రెక్కల పురుగులు తినే పక్షులు. 2012లో అక్కడి జనం వలలు కట్టి ఒక్క సీజన్లో లక్షకు పైగా డేగలను పట్టి అమ్మిన్రు. దేశమంతా ఛీ అన్నది. మరుసటి ఏడు, 2013లో, ఊరి పెద్దలు, వలల యజమానులు, చర్చి వాళ్లు, అటవీశాఖ వాళ్లు కూసొని మాట్లాడుకున్నరు. ఆ ఏడు ఒక్క వల కూడా కట్టలేదు. వాళ్లూ మన లెక్కనే రైతులు, జాలర్లు. అమ్మకంతో పిల్లల ఫీజులు కట్టుకున్నోళ్లు. నష్టం ఉందని తెలిసి కూడా మానుకున్నరు. అందుకే వాళ్ల మాటకు విలువ.

చివరగా మన తప్పు గురించి చెప్త అన్న కదా. ఉచ్చు పెట్టేది ఎవరో పిల్లలు కావొచ్చు. గెట్టు మీద గడ్డి మందు కొట్టి పొద లేకుండా చేసేది మనమే. కోతలు కాంగనే కొయ్యకాళ్లకు అగ్గిపెట్టి, గెట్ల దాకా కాల్చి, గుడ్లతో సహా మాడ్చేది మనమే. పది ఉచ్చులు చేసే నష్టం ఒక్క అగ్గిపుల్ల చేస్తది. గెట్టు ఎర్రగా, నున్నగా ఉంటేనే మంచి రైతని మనకు ఒక అలవాటు పడ్డది. నేను రెండేండ్ల నుంచి ఒక దిక్కు గెట్టును వదిలేసిన. తంగేడు, రేగు పొద పెరిగింది. పక్క చేను తమ్ముడు మొదట ‘‘పాములు వస్తయి’’ అన్నడు. ఒకటి రెండు వచ్చినయి. ఎలుకలూ తగ్గినయి.

ఈ సమావేశం ముందు నేను పెట్టే తీర్మానాలు అయిదే. మన సంఘం సభ్యుల చేన్లలో ఎవరి ఉచ్చు కనబడ్డా తీసేసి, పెట్టినోళ్లను పిలిచి మాట్లాడాలె. షికారుకు వచ్చే బండిని చేన్లోకి రానీయొద్దు, ఆగకపోతే నంబరు రాసి అటవీశాఖకు చెప్పాలె. కరెంటు తీగలు, మందు గింజలు ఎవరూ పెట్టొద్దు. ప్రతి రైతు ఒక దిక్కు గెట్టును కాల్చకుండా, మందు కొట్టకుండా వదలాలె. అయిదోది అన్నిటికంటే ముఖ్యం. పందులు, నెమళ్లతో నష్టపోయిన ప్రతి ఎకరం లెక్క ఊరివారీగా రాసి, ఫొటోలతో సహా కలెక్టరేట్‌లో ఇచ్చి పరిహారం అడగాలె. మొదటి నాలుగు మనం చేస్తేనే అయిదోది గట్టిగా అడిగే ముఖం మనకు ఉంటది.

ఆ రోజు గెట్టు మీద దొరికిన పదకొండు ఉచ్చులు ఈ సంచిలో తెచ్చిన. మీటింగు అయిపోయినంక చూడండి. ముఖ్యంగా ఆడపిల్లలు, మగపిల్లలు చూడండి. గడ్డిలో ఉంటే కనబడవు, చేతిలో పెట్టుకొని చూస్తేనే ఎట్లుంటయో తెలుస్తది. రేపు మీ చేన్లో కనబడితే గుర్తుపట్టాలె. మా చేనుకు వచ్చిన ఆ ఇద్దరు పిల్లల్లో ఒకడు ఇయ్యాల ఇక్కడికి వచ్చిండు, వెనక కూసున్నడు. పేరు చెప్పను. వచ్చినందుకు వానికి నా వందనం.

 తీర్మానాల మీద మీ మాట చెప్పండి.